పొలం పోయింది సరే... గడువూ పోయింది!

“ఇందులో ఏం రాశారో కాస్త చదివి పెట్టవే అమ్మాయ్. గెలిచామా, లేదా?”

మా పెద్దమ్మ ఆ కాగితాన్ని ప్లాస్టిక్ కవర్లోంచి తీసి నా చేతికిచ్చిన రోజు నాకింకా గుర్తుంది. అది 2012 వేసవి. అదే కవర్లో గ్యాసు పుస్తకం, పింఛను కార్డు, పెద్దనాన్న ఫొటో ఒకటి ఉన్నాయి. కాగితం చూస్తే రెండున్నర పేజీలే. మొదటి రెండు పేజీల్లో ఎవరెవరు ఎవరి మీద కేసు వేశారో ఉంది. అసలు సంగతి చివరి నాలుగు వరుసల్లో ఉంది. అప్పీలు వేయడంలో జరిగిన ఆలస్యానికి తగిన కారణం చూపలేదు కనుక ఆలస్యం మన్నించమన్న పిటిషను కొట్టివేయడమైనది, దరిమిలా అప్పీలు కూడా తిరస్కరించడమైనది. అంతే!

“అంటే ఎకరానికి అంత ఇవ్వడం కుదర్దన్నారా?” అంది పెద్దమ్మ.

అలా అనలేదు. ఆమె పొలం ఎంత చేస్తుందన్న ప్రశ్నను ఆ కాగితంలో ఎవరూ ముట్టుకోలేదు. పక్క చేలవాళ్లకు ఇచ్చిన రేటు ఈవిడకు ఎందుకివ్వకూడదో కూడా ఎవరూ చెప్పలేదు. ఆమె ఓడింది పొలం విలువ మీద కాదు, క్యాలెండరు మీద. ఈ సంగతి ఆవిడకు అర్థమయ్యేలా చెప్పడానికి నాకు ఆ పూటంతా పట్టింది. చివరికి ఆవిడన్న మాట, “తేదీ దాటిందని నాకెవరు చెప్పారే?”

ఆ ప్రశ్నకు జవాబు వెతకడానికే ఈ నాలుగు మాటలు. భూసేకరణ కేసులంటే మగవాళ్ల వ్యవహారం, ప్లీడర్ల వ్యవహారం అనుకుని పేజీ తిప్పేయకండి. కాల్వ తవ్వినా, రోడ్డు వెడల్పు చేసినా, రిజర్వాయరు కట్టినా పోయే పొలాల్లో మన అమ్మ పసుపు కుంకుమల కింద ఇచ్చినవీ, భర్త పోయాక మనకు దక్కినవీ కూడా ఉంటాయి.

మరిదిగారు వేశారు, వదినగారు ఊరుకున్నారు

పెద్దనాన్న 1989లో పోయారు. పెద్దమ్మకు ఇద్దరాడపిల్లలే. పెళ్లిళ్లయి వెళ్లిపోయారు. ఊళ్లో ఎకరం అరవై సెంట్లు ఆవిడ పేరు మీద ఉండాలి గానీ, పట్టా పెద్దనాన్న పేరు మీదే ఉండిపోయింది. 1993లో ప్రాజెక్టు కాల్వకని ఆ పొలం, పక్కనే ఉన్న మరిదిగారి నాలుగెకరాలు, ఇంకా బోలెడుమంది పొలాలు కలిపి నోటిఫికేషను ఇచ్చారు. నోటీసు చచ్చిపోయిన మనిషి పేరు మీద వచ్చింది! తలారి వచ్చి గోడకు అంటించి పోయాడు.

1995లో ఎకరానికి 18 వేల చొప్పున అవార్డు. ఇక్కడ ‘అవార్డు’ అంటే బహుమానం అనుకునేరు. భూసేకరణ అధికారి నిర్ణయించిన నష్టపరిహారానికి చట్టం పెట్టిన పేరది. చెక్కు పుచ్చుకునేటప్పుడు మరిదిగారు తెలివైన పని ఒకటి చేశారు. తన రసీదులోనూ, వదిన రసీదులోనూ ‘అభ్యంతరంతో పుచ్చుకుంటున్నాను’ అని రాయించారు. ఈ ఒక్క ముక్క విలువ మీకు తెలియాలి. 1894 నాటి చట్టంలోనైనా, దాని స్థానంలో 2014 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చిన 2013 చట్టంలోనైనా నియమం ఒకటే. అభ్యంతరం చెప్పకుండా డబ్బు తీసుకున్నవాళ్లు తర్వాత ‘చాల్లేదు’ అనడానికి వీల్లేదు. మా ఊళ్లో అలా నోరు మూసుకుని సంతకాలు పెట్టినవాళ్లలో సగంమంది ఆడవాళ్లే. “ఇక్కడ పెట్టమ్మా” అంటే పెట్టేశారు.

తర్వాత మరిదిగారు ఇద్దరి తరఫునా రెఫరెన్సు అడిగారు. అంటే ‘మా కేసును కోర్టుకు పంపండి, ధర అక్కడ తేలుతుంది’ అని. కేసు జిల్లా కోర్టులో ఆరేళ్లు నడిచింది. 2001 ఆగస్టులో ఎకరానికి 45 వేలు చేసింది కోర్టు. పెద్దమ్మ ఆ డబ్బుతో అప్పు తీర్చి, ఇంటికి పెంకులు మార్పించుకుంది. కేసు అయిపోయిందనుకుంది.

మరిదిగారు మాత్రం పై కోర్టుకు అప్పీలు వేశారు, తన నాలుగెకరాలకు. వదినగారికి వేయలేదు. పాపం ఆయనలో దురుద్దేశమేమీ లేదు. అప్పీలులో ఎంత ఎక్కువ అడిగితే అంత కోర్టు ఫీజు కట్టాలి. ‘ఆవిడకెందుకీ ఖర్చు, మనది గెలిస్తే అదే రేటు అందరికీ వర్తిస్తుందిగా’ అనుకున్నారాయన.

ఇక్కడే ఉంది చిక్కంతా. వర్తించదు! ఎవరి అప్పీలు వాళ్లదే. పాత చట్టంలో 28-ఎ అని ఒక సెక్షను ఉండేది. అసలు కోర్టుకే వెళ్లనివాళ్లు, అదే నోటిఫికేషను కింద పొరుగువాళ్లకు కోర్టు పెంచిన ధర మాకూ ఇవ్వండని, ఆ తీర్పు వచ్చిన మూడు నెలల్లోగా కలెక్టరుకు అర్జీ పెట్టుకోవచ్చు. 2013 చట్టంలో అదే సదుపాయం 73వ సెక్షనుగా ఉంది. కానీ పెద్దమ్మ ఒకసారి రెఫరెన్సుకు వెళ్లింది కదా, ఆవిడకు ఆ తలుపు మూసేసినట్టే. ఏమీ చేయకుండా కూర్చున్నామె గడువులోగా ఒక్క అర్జీ పెట్టుకుంటే పొందగలిగేది, సగం దూరం నడిచిన మా పెద్దమ్మకు లేదు. చట్టంలో ఇలాంటి వింతలు కొన్ని ఉంటాయి.

2010లో పై కోర్టు మరిదిగారి పొలానికి ఎకరం 72 వేలు చేసింది. ఆ సంగతి పెద్దమ్మకు ఎవరో పెళ్లిలో భోజనాల దగ్గర తెలిసింది. ప్లీడరు దగ్గరికి పరుగెత్తి, అప్పీలు వేసేసరికి 2011 జనవరి. జిల్లా కోర్టు తీర్పు మీద పై కోర్టుకు వెళ్లడానికి ఉన్న గడువు తొంభై రోజులు. ఆవిడ అప్పీలు మూడువేల మూడొందల చిల్లర రోజులు ఆలస్యం.

నలభై మూడు వేలేగా అనుకోకండి

ఎకరానికి తేడా 27 వేలు. ఎకరం అరవైకి 43,200 రూపాయలు. ఇంతేగా, దీనికోసం ఇంత రాద్ధాంతమా అనిపిస్తుంది. నేనూ అలాగే అనుకున్నాను, కాగితం కలం తీసుకుని కూర్చునేవరకు.

పాత చట్టం ప్రకారం పెరిగిన ధర మీద 30 శాతం సొలేషియం ఇవ్వాలి. బలవంతాన భూమి తీసుకున్నందుకు ఓదార్పు సొమ్మన్నమాట. అది 12,960. నోటిఫికేషను నుంచి అవార్డు దాకా, లేదా పొలం స్వాధీనం చేసుకునేదాకా, ఏది ముందైతే దానివరకు ఏడాదికి 12 శాతం అదనం. పెద్దమ్మ లెక్కలో అది రెండేళ్లు, 10,368. మొత్తం 66,528. దీనిమీద పొలం స్వాధీనం చేసుకున్న నాటి నుంచి మొదటి ఏడాది 9 శాతం, తర్వాత ప్రతి ఏడాదీ 15 శాతం వడ్డీ. 1995 నుంచి 2010 దాకా వేస్తే వడ్డీయే లక్షా 45 వేలు దాటుతుంది. అన్నీ కలిపి రెండు లక్షల 12 వేల పైమాటే!

ఎకరం అరవై సెంట్ల సంగతే ఇలా ఉంటే, ఐదారెకరాలు పోయినవాళ్ల సంగతి ఊహించుకోండి. ఇలాంటి అప్పీళ్లు ‘తిరస్కరించడమైనది’ అన్న ఒక్క మాటతో ముగిసినప్పుడు పోయేది ఎంతో ఆ కాగితం మీద ఎక్కడా కనబడదు.

రాయాల్సింది రాయలేదు

ఆలస్యమైన ప్రతి అప్పీలునూ కోర్టు కొట్టేయాలని లేదు. లిమిటేషను చట్టంలో అయిదో సెక్షను ఉంది. తగిన కారణం చూపిస్తే ఆలస్యాన్ని మన్నించవచ్చు. మరి పెద్దమ్మ పిటిషనులో ఏ కారణం చూపించారు? తర్వాత ఆ అఫిడవిట్ నకలు కూడా చదివాను. ‘నాకు ఆరోగ్యం సరిగా లేనందువల్లనూ, ఆర్థిక ఇబ్బందులవల్లనూ సకాలంలో అప్పీలు వేయలేకపోయాను’ అని రెండు వాక్యాలు. ప్లీడరుగారి గుమస్తా దగ్గర అలాంటి వాక్యాలు అచ్చువేసినట్టు సిద్ధంగా ఉంటాయి కాబోలు. తొమ్మిదేళ్ల అనారోగ్యానికి ఒక్క డాక్టరు చీటీ కూడా జతచేయలేదు. ఏ జడ్జిగారైనా ఎలా నమ్ముతారు? నేనైనా నమ్మను.

అసలు కారణం ఆ అఫిడవిట్‌లో ఎక్కడా లేదు. ‘నేను చదువుకోలేదు. నా భర్త లేడు. కేసు వ్యవహారం మరిది చూశాడు. తీర్పు నకలు నా చేతికి రాలేదు. ఆయన అప్పీలుతో నాకూ వస్తుందని నమ్మాను. ఫలానా నెలలో ఫలానా చోట నాకు తెలిసింది. తెలిసిన ఇన్ని రోజుల్లో వచ్చాను.’ ఇది నిజం. ఇది రాసి ఉంటే కచ్చితంగా గెలిచేదని నేను చెప్పను. కనీసం కోర్టు ముందు ఆవిడ కథ ఆవిడ కథగా నిలబడేది. మనం సంతకం పెట్టే అఫిడవిట్ మన మాటల్లో ఉందో లేదో చదివించుకుని వినాలని నాకు ఆ రోజే తెలిసింది.

సర్కారు వారి ఆలస్యం

గడువు దాటేది మనమేనా అంటే, కాదు. కోర్టు ధర పెంచితే సర్కారూ అప్పీలుకు వెళుతుంది. ఆ అప్పీళ్లూ ఆలస్యంగానే వస్తుంటాయి. ఫైలు ఈ బల్ల మీంచి ఆ బల్లకు, అక్కణ్ణించి న్యాయశాఖకు, మళ్లీ వెనక్కు.

ఆలస్యం మన్నించే విషయంలో ఈనాటికీ కోర్టుల్లో ప్లీడర్లు చెప్పే పాత తీర్పు ఒకటుంది. అది భూసేకరణ కేసే! కాశ్మీరులోని అనంతనాగ్‌లో భూములకు కోర్టు ధర కనాలుకు వెయ్యి నుంచి ఎనిమిది వేలకు పెంచింది. (కనాలు అంటే అక్కడి కొలత, ఎకరంలో ఎనిమిదో వంతు.) ప్రభుత్వం మీద దాదాపు 14 లక్షల భారం పడింది. అప్పీలు నాలుగు రోజులు ఆలస్యమైందని అక్కడి హైకోర్టు కొట్టేసింది. 1987లో సుప్రీంకోర్టు దాన్ని తప్పుపట్టి, సాంకేతిక కారణం కంటే అసలు న్యాయం ముఖ్యం, ప్రతి రోజు ఆలస్యానికీ లెక్క చెప్పమనడం మూర్ఖపు పట్టు కాకూడదు అన్న ధోరణిలో తీర్పు చెప్పింది. ఆ కేసులో ఎదుటి పక్షం పేరు ఒక మహిళది. ఆవిడ నష్టపోయిన కేసు పుణ్యమా అని తర్వాత ఎందరికో మేలు జరిగింది. సర్కారుకూ జరిగింది.

ఆ దయ ఎల్లకాలం ఉండలేదు లెండి. 2012లో తపాలా శాఖ కేసులో సుప్రీంకోర్టు 427 రోజుల ఆలస్యాన్ని మన్నించడానికి ఒప్పుకోలేదు. గడువు చట్టం ప్రభుత్వంతో సహా అందరికీ ఒకటేనని, ఫైళ్లు మెల్లగా కదులుతాయన్న పాత పాట ఈ రోజుల్లో చెల్లదని తేల్చింది. 2020లో మధ్యప్రదేశ్ ప్రభుత్వం ఒక భూమి తగాదాలో 663 రోజులు ఆలస్యంగా వస్తే కొట్టేసి, 25 వేలు ఖర్చులు వేసి, ఆ సొమ్ము బాధ్యులైన అధికారుల నుంచే వసూలు చేయమంది. ఇలాంటివాటికి కోర్టు ఓ పేరు కూడా పెట్టింది, ‘సర్టిఫికెట్ కేసులు’ అని. ఓడిపోతామని తెలిసే వేస్తారట. సుప్రీంకోర్టు కూడా కొట్టేసిందని ఒక కాగితం ఫైల్లో ఉంటే తమ తప్పేం లేదని చెప్పుకోవచ్చుగా!

ఈ మాట చదివినప్పుడు నాకు కోపమొచ్చింది. అధికారికి ‘కొట్టివేయడమైనది’ అన్న కాగితం ఉద్యోగాన్ని కాపాడే తాయెత్తు. మా పెద్దమ్మకు అదే కాగితం రెండు లక్షల నష్టం. సర్కారు అప్పీలు కొట్టేసినా అప్పటిదాకా మనకు రావలసిన డబ్బులో కొంత స్టే పేరుతో ఆగే ఉంటుంది. తర్వాత దాన్ని రాబట్టుకోవడానికి మళ్లీ అమలు పిటిషను వేయాలి. అది ఇంకో తిరుగుడు.

అయిదేళ్లు ఆలస్యంగా వచ్చిన మంచి కబురు

2017లో మన తెలుగు ప్రాంతపు భూసేకరణ కేసొకటి సుప్రీంకోర్టుకు వెళ్లింది. భూములు పోయినవాళ్ల అప్పీళ్లు 3,671 రోజులు ఆలస్యమయ్యాయని హైదరాబాదులోని హైకోర్టు కొట్టేసింది. సుప్రీంకోర్టు ఆ ఆలస్యాన్ని మన్నించింది. బలవంతంగా భూమి పోయినవాళ్లకు న్యాయమైన ధర గడువు పేరుతో ఎగ్గొట్టకూడదు, అలాగని వాళ్ల ఆలస్యానికి సర్కారు వడ్డీ కట్టనక్కర్లేదు, ఆలస్యమైన కాలానికి వడ్డీ తీసేస్తే సరిపోతుంది అన్నది అందులోని పద్ధతి. 2014లో హర్యానా రైతుల కేసులోనూ ఇదే మాట చెప్పింది. నాకు చాలా సబబుగా అనిపించింది. తప్పుకు తగ్గ కోత పెట్టారు, పీక కోయలేదు.

3,671 రోజులు! పెద్దమ్మ ఆలస్యం అంతకంటే మూడొందల రోజులు తక్కువే. కానీ ఆవిడ 2014లోనే పోయింది. 2012 నాటి తీర్పు మీద పైకి వెళ్లమని ఎవరూ చెప్పలేదు, నేనూ చెప్పలేదు. నాకూ తెలియదు మరి.

2020 జనవరిలో హిమాచల్ ప్రదేశ్ నుంచి మరో కేసు. అక్షరం ముక్క రాని, ఎనభయ్యేళ్ల వితంతువు. 1967-68లో ఆమె భూమిలోంచి రోడ్డు వేసేశారు. నోటిఫికేషనూ లేదు, పరిహారమూ లేదు. పొరుగువాళ్లు కోర్టుకు వెళ్లి పరిహారం తెచ్చుకున్నాక ఆవిడకు తెలిసి 2010లో హైకోర్టుకు వెళ్లింది. సివిలు దావా వేసుకోమని 2013లో పంపించేశారు. రివ్యూ వేస్తే అదీ పోయింది. చివరికి సుప్రీంకోర్టులో జస్టిస్ ఇందూ మల్హోత్రా, జస్టిస్ అజయ్ రస్తోగీల ధర్మాసనం ముందు ప్రభుత్వం ఏమని వాదించిందో తెలుసా? ఇన్నేళ్లుగా మా స్వాధీనంలోనే ఉంది కనుక భూమి మాదైపోయిందని! సంక్షేమ రాజ్యం తన పౌరుల భూమిని అలా కాజేయడానికి వీల్లేదని, ఇలాంటి చోట ఆలస్యం అడ్డురాదని చెప్పి, పొరుగువాళ్లకు ఇచ్చిన లెక్కనే ఎనిమిది వారాల్లో పరిహారం ఇమ్మంది. కోర్టు ఖర్చుల కింద మరో పది లక్షలు ఇప్పించింది.

రోడ్డు పడినప్పుడు ఆవిడ వయసు ముప్ఫైలోపే. డబ్బు వచ్చేసరికి ఎనభై.

పేరు ఎక్కడుంటే కాగితం అక్కడికొస్తుంది

మా ఇంటి కథలో నన్ను ఇప్పటికీ తొలిచేది ఇంకోటి. పెద్దనాన్న విల్లు రాయలేదు. ఆయన పోగానే పొలంలో పెద్దమ్మకూ, ఇద్దరు కూతుళ్లకూ సమాన హక్కు వచ్చింది. నోటీసులు ముగ్గురికీ రావాలి. మా పెద్దక్కయ్య పట్నంలో టీచరు. ప్రతి కాగితమూ చదివి అర్థం చేసుకోగలదు. కానీ ఆమె పేరు ఏ రికార్డులోనూ లేదు. “ఆడపిల్లల పేర్లెందుకు, అల్లుళ్లు ఏమనుకుంటారో” అని పెద్దమ్మే వద్దంది. చదువొచ్చిన కూతురు ఒక ఊళ్లో, చదువురాని తల్లి చేతిలో కాగితం మరో ఊళ్లో!

ఎన్టీ రామారావు హయాంలో ఆడపిల్లలకు పిత్రార్జితంలో వాటా ఇస్తూ ఆంధ్రప్రదేశ్ చట్టం తెచ్చింది 1986లో. 2005లో దేశమంతటికీ వచ్చింది. తండ్రి 2005 నాటికి బతికి ఉన్నా లేకున్నా కూతురికి ఆ హక్కు ఉంటుందని 2020 ఆగస్టులో సుప్రీంకోర్టు తేల్చింది. ఇంత జరిగినా, పరిహారం పంపకాల దగ్గర “నీకెందుకమ్మా” అనే మాట వినని ఆడపిల్లలు ఎంతమంది?

పేరు లేకపోతే ఇంకో ప్రమాదమూ ఉంది. అప్పీలు నడుస్తుండగా అప్పీలు వేసిన మనిషి పోతే, వారసుల పేర్లు తొంభై రోజుల్లోగా కేసులో చేర్పించాలి. లేకపోతే ఆ అప్పీలు దానంతటదే రద్దయిపోతుంది. రద్దును తీసేయమని అడగడానికి మరో అరవై రోజులు. ఆ తర్వాత మళ్లీ ‘ఆలస్యం మన్నించండి’ అని మొదటికే. భర్త పోయిన నాలుగు నెలల్లో ఏ ఇల్లాలికి కోర్టు నంబర్లు గుర్తుంటాయి చెప్పండి! దినకార్యాలు, బ్యాంకు, పింఛను, పిల్లలు... ప్లీడరుగారికి అసలు ఆయన పోయిన సంగతే తెలియదు. అందుకే ఇంట్లో పెద్దవాళ్ల పేరున ఏ కేసైనా ఉంటే దాని నంబరు, ప్లీడరు ఫోను నంబరు మీ డైరీలో ఒక పేజీలో రాసుకుని ఉంచుకోండి.

ప్రభుత్వం ఇచ్చిన డి-పట్టా భూమి ఉన్నవాళ్లకు ఒక మాట. ‘అది సర్కారు భూమే, మార్కెట్ ధర ఇవ్వం’ అనే మాట ఒకప్పుడు బాగా చెల్లింది. చేవెళ్ల కేసులో 2004లో ఉమ్మడి రాష్ట్ర హైకోర్టు విస్తృత ధర్మాసనం, ఎసైన్డు భూమి తీసుకున్నా పట్టా భూమితో సమానంగా పరిహారం ఇవ్వాలని చెప్పింది. ఎవరైనా వాయిమాటగా కాదంటే నమ్మి ఇంటికొచ్చేయకండి.

ఇప్పుడు గడువులు ఎంతెంత?

2013 చట్టంలో మనకు పనికొచ్చే మాటలు కొన్ని ఉన్నాయి. సొలేషియం 30 శాతం నుంచి వంద శాతమైంది. పల్లెల్లో మార్కెట్ విలువను రెండు రెట్ల దాకా హెచ్చించి లెక్కకట్టవచ్చు. వితంతువులను, విడాకులు పొందినవాళ్లను, ఇంటివాళ్లు వదిలేసిన స్త్రీలను వేరే కుటుంబంగా లెక్కించాలని చట్టంలోనే రాశారు. పునరావాసం జాబితా తయారయ్యేటప్పుడు అన్నగారి కుటుంబంలో మిమ్మల్ని ఒక ‘సభ్యురాలిగా’ రాసుకుపోతే ఒప్పుకోకండి.

గడువుల సంగతికొస్తే, మొదటి నోటిఫికేషను వచ్చిన అరవై రోజుల్లోగా అభ్యంతరాలు చెప్పుకోవాలి. అవార్డు ప్రకటించేటప్పుడు మీరు గానీ మీ తరఫువాళ్లు గానీ అక్కడుంటే ఆరు వారాల్లోగా రెఫరెన్సు అడగాలి. లేకపోతే నోటీసు అందిన ఆరు వారాలు, లేదా అవార్డు నుంచి ఆరు నెలలు, ఏది ముందు ముగిస్తే అది. తగిన కారణం ఉంటే కలెక్టరు మరో ఏడాది దాకా తీసుకోవచ్చు. అక్కడ వచ్చిన తీర్పు మీద హైకోర్టుకు వెళ్లడానికి అరవై రోజులు. కారణం చూపితే ఇంకో అరవై. పాత చట్టంలోని తొంభై రోజుల లెక్క మనసులో పెట్టుకుని ఉంటే మోసపోతారు. తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ రెండూ ఈ చట్టానికి తమ తమ సవరణలు చేసుకున్నాయి కూడాను. అందుకని మీకు వచ్చిన కాగితం ఏ చట్టం, ఏ సెక్షను కింద వచ్చిందో ముందు అడగండి. ‘సమ్మతి’ అన్న మాట ఎక్కడైనా కనిపిస్తే మరీ జాగ్రత్త. ఇష్టపూర్వకంగా ఆ ధరకు ఒప్పుకున్నానని సంతకం పెట్టాక ధర పెంచమని కోర్టుకు వెళ్లే దారి దాదాపు మూసుకుపోతుంది.

జాతీయ రహదారికైతే కథే వేరు. దానికి 1956 నాటి చట్టం ఉంది. నోటిఫికేషను ప్రచురించిన 21 రోజుల్లోగా అభ్యంతరం చెప్పాలి. ధర చాలకపోతే ఆర్బిట్రేటరు దగ్గరికి వెళ్లాలి. ఆయన తీర్పు మీద కోర్టుకు వెళ్లడానికి మూడు నెలలు, మరీ కారణముంటే ఇంకో ముప్ఫై రోజులు. ఆ తర్వాత ఏ కారణం చెప్పినా వినరు.

ఫీజులకు డబ్బెక్కడిది అంటారా? న్యాయసేవల అధికార చట్టం ప్రకారం స్త్రీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం పొందే హక్కుంది. ప్లీడరును ఇవ్వడమే కాదు, కోర్టు ఫీజు కూడా వాళ్లే చూసుకుంటారు. జిల్లా కోర్టు ఆవరణలోనే ఆ ఆఫీసు ఉంటుంది. 1995 నవంబరు నుంచి ఈ చట్టం అమల్లో ఉంది. 2001లో పెద్దమ్మ అప్పీలు ఆగింది కోర్టు ఫీజు దగ్గరే కదా! ఆ ఆఫీసు కేసు నడిచిన కోర్టు ఆవరణలోనే ఉంటుందని మా ఇంట్లో ఎవరికీ తెలియదు.

పోయిన ఏడాది మా అత్తయ్య ఊరినుంచి ఫోను చేసింది. “అమ్మాయ్, పేపర్లో మన పొలం నెంబరు పడిందంట. మీ మామయ్య పేరు కూడా ఉందంట” అని. బైపాసు రోడ్డు. పేపర్లో ఎవరూ చదవని ఆ చీమతలకాయంత అక్షరాల పేజీ ఉంటుంది చూడండి, అందులో. మామయ్య పోయి ఆరేళ్లయింది.

“పేపరు మీద తేదీ ఏముంది అత్తయ్యా?” అన్నాను.

చూసి చెప్పింది. అప్పటికి పన్నెండు రోజులయిపోయాయి. మిగిలినవి తొమ్మిది. మర్నాడు బస్సెక్కి వెళ్లాను. వారసుల సర్టిఫికెట్, పాసుపుస్తకం, పన్ను రసీదులు వెతికేసరికి రెండు రోజులు. మా ఆయన, ఆడపడుచు, అత్తయ్య ముగ్గురి పేర్లతో అభ్యంతరం రాశాం. మా ఆడపడుచు ముందు “నా పేరెందుకు వదినా” అంది, నేను వినలేదు. పదిహేడో రోజున ఆఫీసులో ఇచ్చి, నకలు మీద తేదీతో ముద్ర వేయించుకునేదాకా కదల్లేదు. గుమస్తా విసుక్కున్నాడు, విసుక్కోనీ.

ఆ నకలును అత్తయ్య దేవుడి అలమరలో పెట్టింది. మూడో రోజున మళ్లీ ఫోను. “అక్కడైతే దీపం అంటుకుంటుందేమోనని బీరువాలోకి మార్చానే. తాళంచెవి నా దగ్గరే ఉంది, ఎవరికీ ఇవ్వన్లే.”